దాక మళ్ళీ సున్నం కక్కింది

కుండలు కాల్చే ఆవం నుంచి దించినప్పుడు చూడాలి ఆ మట్టి దాక అందం! జాజు (ఎర్రమట్టి పూత) సమంగా పట్టింది. వేలితో కొడితే ఖంగుమంది. అంచు ఎక్కడా వంకర పోలేదు. చేపల పులుసుకు సరిపడే దాక నా చేతుల మీదుగా తయారైందని పినాకిని ఎక్స్‌ప్రెస్‌లో ఒళ్ళో పెట్టుకుని ఒంగోలు తెచ్చుకున్నాను. బొచ్చె చేపకు కూడా చెప్పి పెట్టాను. మూడు నాలుగు రోజులు అది అలమారలో బుద్ధిగా కూర్చుంది. ఇంతలో అల్పపీడనం వచ్చి ముసురు పట్టింది, గదిలో చెమ్మ చేరింది. రాత్రి పూట ‘టిక్’మని చిన్న చప్పుడు. తెల్లవారి చూస్తే అలమార చెక్క మీద ఎర్రటి పెచ్చులు, దాక ఒంటి నిండా గుంటలు, ప్రతి గుంట అడుగునా ఒక తెల్ల చుక్క.

పగిలినా ఇంత ఉడుకుమోత్తనం వచ్చేది కాదు. పగిలితే పగిలిందని పారేస్తాం. ఇది పగలదు, వారం పది రోజులు ఒక్కో పెచ్చూ రాల్చుకుంటూ మన ఓపికను పరీక్షిస్తుంది.

మిగతావన్నీ బాగానే ఉన్నాయి. ప్రమిదలు, మూకుళ్ళు, చిన్న చట్లు, నాకు పని నేర్పే కుమ్మరి తాత వాళ్ళ చెరువు మట్టితో చేసినవి, ఒక్కటీ పోలేదు. అడుగు లేకుండా సారె (కుమ్మరి చక్రం) మీంచి దించి, లోపల రాయి ఆనించి, బయట చెక్కతో కొడుతూ అడుగు మూయడం కూడా చేతికి వచ్చింది. అవ్వ చూసి ‘పరవాలేదు’ అంది. ఆమె నోట ఆ మాట చిన్నది కాదు.

ఇక దాక సంగతి. మూతి వెడల్పు 26 సెంటీమీటర్లు, లోతు 11. గోడ మందం 6 నుంచి 7 మిల్లీమీటర్లు, అడుగు 8. గుంటలు బయట 31, లోపల 12, అంచు మీద 2. అన్నింటిలో పెద్దది 9 మిల్లీమీటర్ల వెడల్పు, 3 మిల్లీమీటర్ల లోతు. దాన్ని లేపిన గింజ మాత్రం ఒకటిన్నర మిల్లీమీటరే. అర మిల్లీమీటరు కన్నా చిన్న గింజలున్న చోట పెచ్చు లేవలేదు, తెల్లగా కనిపించి ఊరుకున్నాయి. లోపలి వైపు తక్కువ ఎందుకన్నదానికి నా ఊహ ఇది: లోపల నున్నటి గులకరాయితో చాలాసేపు రుద్దాను, ఆ ఒత్తిడికి పెద్ద గింజలు గోడ మధ్యకు జరిగి ఉంటాయి. రుజువు లేదు. ఈసారి ఒక మూకుడును బయట కూడా సగం రుద్ది, సగం వదిలేసి చూడాలి.

దోషం ఎక్కడిదో తాత చేతిలోకి తీసుకోగానే చెప్పేశాడు. ‘సున్నం కక్కింది నాయనా. ఇది మా చెరువు మట్టి కాదే?’ కాదు. ఒంగోలు దగ్గర ఒక చెరువులో తవ్వి గోనెసంచుల్లో తెచ్చుకున్న మట్టి. కోవూరు అవతల, పెన్న కాలువ పక్కన ఉన్న తాత ఊరిలో మట్టికేం కొదవ లేదు గానీ, మన వైపు పెద్ద వానలు అక్టోబరు నుంచి డిసెంబరు దాకా. ఇప్పుడు చెరువులు నిండుగా ఉన్నాయి. వేసవిలో తవ్వి పోసుకున్న కుప్పే ఏడాదంతా ఆయనకు ఆధారం. అందులోంచి దాకలకని అడగడానికి నాకు మనసొప్పలేదు. మా వైపు చెరువుల్లోకి నల్లరేగడి చేల నీళ్ళు దిగుతాయి. రేగడిలో సున్నపు గుల్లలు మామూలే.

జరిగేది ఇదీ. మట్టిలో ఉన్న సున్నపు గింజ ఆవం వేడికి కాలి బొగ్గుపులుసు వాయువును వదిలేస్తుంది. 100 గ్రాముల శుద్ధమైన సున్నపురాయి పూర్తిగా కాలితే మిగిలేది 56 గ్రాముల కాల్చిన సున్నం. అది గాలిలోని చెమ్మను పీల్చి, తడిసిన సున్నంగా మారుతూ దాదాపు రెట్టింపు ఉబ్బుతుంది. ఇంటికి వెల్ల వేయడానికి తొట్టిలో సున్నం రాళ్ళ మీద నీళ్ళు పోస్తే కుతకుతమని ఉడకడం చూసినవాళ్ళకు ఈ బలం కొత్త కాదు. అదే పని మట్టి గోడ లోపల జరిగితే గోడ పెచ్చు లేస్తుంది.

ఆవంలో వేడిని కొలిచే థర్మోకపుల్ తీగలు రెండు పెట్టాను. అడుగు వరుసలో 835 డిగ్రీల సెల్సియస్ దాకా వెళ్ళింది, పై వరుసలో 700 దాటలేదు. దాక అడుగున ఉంది. అదే మట్టితో చేసిన గిన్నె పైన ఉంది, దానికి ఒక్క గుంట కూడా పడలేదు. అంటే పైన సున్నం సరిగా కాలలేదు, రాయి రాయిగానే ఉండిపోయింది. అయితే 700 దగ్గర ఆపేస్తే సరిపోదా అనిపించింది. కానీ ఆ గిన్నెను వేలితో కొడితే బొదబొదమంటోంది, అంచు గోటికి రాలుతోంది. పైగా కాలని సున్నపురాయి పులుపుకు కరుగుతుంది, మనం కాచేదేమో చింతపండు పులుసు.

పోనీ, 1000 దాటిస్తే? అక్కడ సున్నం మట్టితో కలిసిపోయి నోరు మూసుకుంటుంది. పిడకలు, వరిగడ్డి, తుమ్మకంపతో కాల్చే ఆవం అంత వేడి ఎక్కదు. కరెంటు బట్టీలో ఎక్కించినా లాభం లేదు, గట్టిపడిన దాక పొయ్యి మంటకు తట్టుకోదు. వంట దాకకు తక్కువ వేడిలో కాలిన గుల్లతనమే రక్ష.

మట్టినే పరీక్షకు పెట్టాను. ఎండిన మట్టి 100 గ్రాములు నానబెట్టి, 80 మెష్ (సన్న కన్నుల) జల్లెడలో కడిగితే పైన నిలిచింది 7.4 గ్రాములు. దాని మీద వెనిగర్ పోస్తే బుసబుసమని నురగ. నురగ ఆగాక కడిగి ఆరబెట్టి తూస్తే 5.3. అంటే 2.1 గ్రాములు సున్నమే. తాత మట్టికి ఇదే పరీక్ష చేస్తే జల్లెడ మీద 11 గ్రాములు నిలిచాయి. నా మట్టి కన్నా గరుకు! వెనిగర్ పోస్తే మాత్రం కిక్కురుమనలేదు. అంతా ఇసుకే.

జల్లెడ పట్టిన మట్టితో చిన్న దాక చేశాను. ఆవంలో బాగా కాలింది, వారాలు గడిచినా ఒక్క పెచ్చు లేవలేదు. గెలిచానని గ్యాస్ పొయ్యి మీద నీళ్ళు పెడితే ఠప్పున అడుగు అడ్డంగా చీలింది. సున్నంతో పాటు జల్లెడ ఇసుకను కూడా పట్టేసింది మరి. మంట మీద మట్టికి సాగుబాటు ఇచ్చేది ఆ గరుకే. కనుక ఇసుకను మళ్ళీ కలపాలి. పెన్న ఇసుకకు వెనిగర్ పోసి చూశాను, చడీచప్పుడూ లేదు. కొత్తపట్నం సముద్రపు ఇసుక బుసలు కొట్టింది, అందులో గవ్వల పొడి ఉంటుంది కదా. దాకకు బీచి ఇసుక వాడాలనుకునేవాళ్ళు అక్కడే ఆగిపోవడం మంచిది.

ఉప్పు కూడా చూశాను. కిలో పొడిమట్టికి 5 గ్రాముల ఇస్కపల్లి ఉప్పు. పెచ్చులు సగానికి తగ్గాయి, కానీ జాజు రంగు వెలిసి పాత గోడలా తయారైంది. నాకు నచ్చలేదు. ఎర్రదనం పట్టించుకోనివాళ్ళకు ఇది చవకైన ఉపాయం.

తాత చెప్పింది వేరు. ‘గోరువెచ్చగా ఉన్నప్పుడే నీళ్ళలో ముంచెయ్. సున్నాన్ని అక్కడే చంపాలి.’ వేడి మీద ముంచితే కుండే చస్తుంది కాబట్టి చెయ్యి ఆనించగలిగేదాకా ఆగాలి. ఆయన మామూలుగా మర్నాడు పొద్దెక్కేదాకా ఆవం తెరవనివ్వడు. 573 డిగ్రీల దగ్గర ఇసుక గింజ ఒక్కసారిగా కుంచించుకుంటుంది, అక్కడ తొందరపడితే చీలికలే. ఆ అంకె ఆయనకు అక్కర్లేదు, ఓపిక ఉంది. జల్లెడ పట్టని నా మట్టితోనే చేసిన మరో గిన్నెను గోరువెచ్చగా చల్లారాక తొట్టిలో పూర్తిగా మునిగేలా రాత్రంతా ఉంచాను. ఒకేసారి బోలెడు నీరు తగిలితే సున్నం మెత్తబడి జారిపోతుందని లెక్క. లేచిన పెచ్చులు అయిదే. పనికొచ్చే ఉపాయమే గానీ పెద్ద గింజల ముందు ఆగదు.

అసలు కిటుకు మట్టి కోతలో ఉందని నా అనుమానం. తాత తొక్కిన ముద్దను పలక మీద నిలబెట్టి కొడవలితో పైనుంచి కిందికి రేకులు రేకులుగా తరుగుతాడు. అంచుకు గింజ తగిలితే ‘కిర్రు’మంటుంది. కళ్ళు అటు తిప్పకుండానే బొటనవేలితో దాన్ని తీసి చెవి పక్కనుంచి వెనక్కి విసిరేస్తాడు. ముద్దంతా రేకులయ్యాక మళ్ళీ కలిపి, అడ్డంగా తిప్పి, మళ్ళీ తరుగుతాడు. ఇసుక వేలికి జారుతుందట, సున్నపు గింజ అంటుకుంటుందట. నేను తీసిన గింజల్లో సగం ఇసుకే అని వెనిగర్ తేల్చింది.

పరికరాల గురించి రెండు ముక్కలు. బట్టీ వేడిని బట్టి మెత్తబడి వాలే ఆర్టన్ కోన్లు కచ్చితమైనవే, వాలిన కోను అబద్ధం చెప్పదు. కానీ బూడిద కప్పిన ఆవంలో దాన్ని చూసేదెలా? అక్కడ తీగ మీటరే మేలు. ఆన్‌లైన్‌లో దొరికే సంచి మట్టి మంట మీద పెట్టే పాత్రలకు పనికిరాదని నా అభిప్రాయం, అది పూలకుండీలకే. కరెంటు సారెను తక్కువగా చూసేవాళ్ళతో నాకు పేచీ ఉంది. ఖాదీ కమిషన్ 2018లో మొదలుపెట్టిన పథకం కింద కుమ్మరులకు ఇస్తున్న సారె మీదే తాత ఇప్పుడు ప్రమిదలన్నీ తీస్తున్నాడు. కర్రతో తిప్పే సారెను వేగంలో ఉంచడానికే నా భుజం పడిపోతుంది.

ప్రస్తుతం కొత్త దాక తాత చావడిలో గోనెపట్టాల కింద ఆరుతోంది: జల్లెడ పట్టిన నా మట్టి, నూటికి 15 పాళ్ళు పెన్న ఇసుక, ఉప్పు లేదు. ముసురులో ఆరడానికి ఎంత కాలం పడుతుందో దాని ఇష్టం. 15 పాళ్ళతో అడుగు మూసేటప్పుడు మట్టి కాస్త చిట్లింది, తడి గుడ్డతో సర్దాల్సి వచ్చింది. ఇదీ చీలితే 20 వేస్తాను, చిట్లితే 12కు దిగుతాను. ఎండాకాలం చెరువు ఎండగానే తాతతో కలిసి తూము దగ్గర మట్టి తవ్వడానికి మాట తీసుకున్నాను. వాగు దిగే వైపు వద్దని ఆయన ఇప్పుడే హెచ్చరించాడు, అక్కడా తెల్ల గింజలున్నాయట. కంభం చెరువు మట్టి ఒక సంచి తెప్పించి వెనిగర్ పరీక్ష చేయాలి. ఈలోగా పలమనేరు వెళ్ళి అక్కడి కుమ్మరులు టెర్రకోట బొమ్మలకు మట్టి ఎలా కలుపుతారో చూసి రావాలని ఉంది. సెలవు దొరికితే సంక్రాంతి తర్వాత. వెనిగర్ సీసా మాత్రం సంచిలో ఉంటుంది.