నాన్న కుడికన్ను, ఎడమకన్ను

ఉత్తరాది ఆకాశంలో రాత్రిపూట మెరిసే ధ్రువకాంతుల్ని చూపించే పడవ, మొదటి రోజు రాత్రి బయల్దేరనే లేదు. సాయంత్రం ఆరున్నరకి మెసేజ్ వచ్చింది. సముద్రం మీద గాలి ఎక్కువగా ఉంది, ట్రిప్పు రద్దు, రేపు వచ్చినా సరే, డబ్బు వెనక్కి తీసుకున్నా సరే అని. అప్పటికే నాన్న రెండు స్వెట్టర్లు, మంకీ క్యాప్ వేసుకుని హోటల్ గదిలో తలుపు పక్కన కుర్చీలో కూర్చుని ఉన్నారు. టోపీ తియ్యకుండానే "రేపెన్నింటికి?" అని అడిగారు.

మేం ఉండేది డబ్లిన్‌లో. అమ్మానాన్నా రాజమండ్రి నుంచి మూడు నెలలుందామని వచ్చారు. డబ్లిన్ నుంచి ఐస్‌లాండ్ రాజధాని రేక్యవిక్‌కి విమానంలో రెండున్నర గంటలు. ఐర్లాండ్ వీసా ఉన్నా ఐస్‌లాండ్‌కి షెంగెన్ వీసా, అంటే చాలా యూరప్ దేశాలకి కలిపి ఇచ్చేది, వేరేగా కావాలి. దాని కోసం తిరిగిన తిరుగుడు రాస్తే అదో పెద్ద కథ, వదిలేద్దాం. అక్టోబరు రెండో వారంలో నాలుగు రోజులకి వెళ్ళాం.

ఉత్తర ధ్రువకాంతుల్ని చూడటానికి అక్కడ బస్సు టూర్లే ఎక్కువ. మబ్బు లేని చోటు వెతుక్కుంటూ బస్సు ఎంత దూరమైనా పోతుంది. పడవకి ఆ వెసులుబాటు లేదు. ఊరి ముందున్న ఫ్యాక్సా అఖాతంలోకి వెళ్ళి ఆగుతుంది, పైన మబ్బుంటే అంతే సంగతులు. అయినా పడవే బుక్ చేశాను. కారణం చెప్పడానికి సిగ్గెందుకు, పడవలో బాత్రూం ఉంటుంది. డెబ్బై దాటిన మనిషిని అర్ధరాత్రి దాకా బస్సులో తిప్పే ధైర్యం నాకు లేదు. అమ్మ మాత్రం మొదటే రానని చెప్పేసింది. 2019 సెప్టెంబరులో కచ్చులూరు దగ్గర గోదావరిలో బోటు మునిగినప్పటి నుంచి ఆవిడ ఏ పడవా ఎక్కలేదు. "నేనూ అల్లుడుగారూ పిల్లాడిని చూసుకుంటాం, మీరు వెళ్ళిరండి" అంది. బలవంతం చెయ్యలేదు.

ట్రిప్పు రద్దయిన ఆ రాత్రి ఏం తోచక నాన్నకి ఫోన్లో చదివి వినిపించాను. సూర్యుడి నుంచి వచ్చే విద్యుత్ కణాలు భూమి అయస్కాంత క్షేత్రంలో చిక్కి, ధ్రువాల వైపు గాలిలోకి దిగి, సుమారు వంద కిలోమీటర్ల ఎత్తులో ఆక్సిజన్‌కి తగిలితే పచ్చరంగు, ఇంకా పైన రెండొందలు దాటితే ఎరుపు, నైట్రోజన్ అయితే ఊదా, గులాబీ. "ట్యూబ్‌లైటే కదా" అన్నారు నాన్న. ఆయన ముప్పై మూడేళ్ళు కరెంటాఫీసులో చేశారు, అందులో సగం సబ్‌స్టేషన్లలో నైట్ డ్యూటీలే. మంచు పడే రాత్రుళ్ళు హైటెన్షన్ లైన్ల మీద బుస్సుమంటూ నీలంగా మెరిసే దాన్ని వాళ్ళు కరోనా అంటారట. ఆ పేరుతో రోగం రాక ముందు నుంచీ. "అదీ గాలి వెలగడమే. నేను చూడనిదేం కాదు" అన్నారు.

1989 మార్చి 13న, సూర్యుడి కణాలు ఇలాగే ఒక్కసారిగా విరుచుకుపడిన సౌర తుఫానుకి కెనడాలో క్యూబెక్ రాష్ట్రం కరెంటు గ్రిడ్ ఒకటిన్నర నిమిషంలో కూలిపోయి, అరవై లక్షల మంది తొమ్మిది గంటలు చీకట్లో ఉన్నారని చదివాను. నాన్న లేచి కూర్చున్నారు.

"తొమ్మిది గంటల్లో మళ్ళీ ఇచ్చేశారా? గట్టివాళ్ళే!"

96 నవంబరు తుఫానుకి కోనసీమలో పడిపోయిన స్తంభాల లెక్క మొదలైంది. నాకు నిద్ర వచ్చేసింది.

రెండో రోజు మధ్యాహ్నం మా ఆయన పరిగెత్తుకొచ్చి ఫోన్ చూపించారు. ఐస్‌లాండ్ వాతావరణ శాఖ వాళ్ళ ధ్రువకాంతుల పేజీ. మ్యాపు నిండా పచ్చరంగు. "దేశమంతా కనిపిస్తాయి ఈరోజు!" అని సంబరం. కిందున్న వివరం చదివితే తెలిసింది, ఆ మ్యాపులో పచ్చరంగు అంటే మబ్బు, తెల్లగా ఉంటేనే ఖాళీ ఆకాశం. మా అఖాతం మీద రాత్రి తొమ్మిది తర్వాత ఓ తెల్లటి చీలిక ఉంది, అరచేతి మందాన. మ్యాపు పక్కన, వెలుగులు ఎంత బలంగా ఉంటాయో సున్నా నుంచి తొమ్మిది దాకా చెప్పే సూచికలో ఆ రాత్రికి మూడు. అక్కడికి మూడు చాలట. ధ్రువం చుట్టూ ఈ వెలుగులు పడే వలయం ఎలాగూ ఐస్‌లాండ్ మీదుగానే పోతుంది.

పాత రేవులో పడవ ఎక్కగానే తలా ఒక ఓవరాల్ ఇచ్చారు. మెడ నుంచి మడమల దాకా ఒకటే దుస్తు, లోపల మందంగా దూదిలాంటిది కుట్టి ఉంది. నాన్నని అందులోకి దించడానికి పది నిమిషాలు పట్టింది. దాని పైన మంకీ క్యాప్. గైడు కుర్రాడు టోపీ బాగుంది, ఎక్కడ కొన్నారని నిజంగానే అడిగాడు. నాన్న మాత్రం లైఫ్ జాకెట్లు ఎక్కడున్నాయో చూసొచ్చి, పైన అద్దాల గదిలో కూర్చున్నాయన్ని చూపించి "సరంగు కుర్రాడే, కానీ చెయ్యి తిరిగినవాడు, తాడు విప్పిన పద్ధతి చూశావా" అన్నారు. పాపికొండల లాంచీలో కూడా ఆయన ముందు సరంగుతోనే మాట కలుపుతారు.

రేవు దాటగానే జనం ఒక్కసారి కేకలు పెట్టారు. దూరంగా చీకట్లోంచి నీలి తెలుపులో ఓ నిలువు స్తంభం ఆకాశంలోకి పోతోంది. నేనూ ఫోన్ తీశాను. గైడు మైకులో నవ్వాడు. అది విదేయ్ అనే చిన్న ద్వీపం మీద యోకో ఓనో అనే కళాకారిణి తన భర్త, బీటిల్స్ బృందం గాయకుడు జాన్ లెనన్ జ్ఞాపకంగా 2007లో పెట్టించిన దీపమట. ఆయన పుట్టినరోజు అక్టోబరు 9 నుంచి చనిపోయిన డిసెంబరు 8 దాకా రోజూ రాత్రి వెలిగిస్తారు. "ఎన్ని కిలోవాట్లు?" అని నాన్న నన్ను అడిగారు. నాకేం తెలుసు.

అరగంట తర్వాత ఇంజన్ ఆపారు, డెక్ మీద లైట్లూ ఆర్పేశారు. ఇక్కడే నేను ఊహించనిది జరిగింది. కదిలే పడవ కంటే ఆగిన పడవ ఘోరం. ముందుకి పోయేటప్పుడు అలల్ని కోసుకుంటూ పోతుంది, ఆగితే అవి ఎటు తోస్తే అటు ఊగుతుంది. మధ్యాహ్నం తిన్న పెరుగన్నం గొంతు దాకా వచ్చింది. మాత్ర వేసుకోమని అమ్మ చెప్పింది. వేసుకోలేదు. రెయిలింగ్ పట్టుకుని, గాలి వాలు చూసుకుని, కానిచ్చాను. నాన్నకి ఏమీ కాలేదు. ఓ చేత్తో నా వీపు రాస్తూ, ఇంకో చేత్తో ఉత్తరం వైపు చూపిస్తున్నారు.

"అటు చూడు తల్లీ. అది మబ్బు కాదు."

చూశాను. దిగువన బూడిదరంగు పట్టీ ఒకటి, అటు అంచు నుంచి ఇటు అంచుకి వంపు తిరిగి ఉంది. పొగమంచు అంటే పొగమంచే. దాని వెనక చుక్కలు మాత్రం కనిపిస్తున్నాయి, మబ్బు వెనక అలా కనిపించవు. పక్కనున్న స్పెయిన్ జంట ఫోన్లో ఫోటో తీసి చూపించారు. ఫోటోలో అది పచ్చిమిరపకాయ రంగులో మెరిసిపోతోంది. తలెత్తితే మళ్ళీ బూడిదే.

మోసపోయినట్టు అనిపించింది, దాచడం ఎందుకు. ఇన్నేళ్ళూ వాట్సాప్‌లో చూసిన పచ్చటి ఆకాశాలన్నీ ఇవేనా అని. గైడు చెప్పాడు, చీకట్లో చూడటానికి కంట్లో పనిచేసే కణాలకి రంగు తెలియదు, వెలుగు బాగా పెరిగితేనే రంగు తెలిసే కణాలు లేస్తాయి. ఫోన్ మాత్రం మూడు సెకన్ల పాటు వెలుగు పోగుచేసుకుని చూస్తుంది. ఆ మూడు సెకన్లలో పడవ ఊగుతుంది కాబట్టి నా ఫోటోల్లో చుక్కలన్నీ వానపాముల్లా వచ్చాయి.

ఓ పావుగంట ఏమీ లేదు. గైడు కబుర్లు మొదలెట్టాడు. వెనకటి కాలంలో ఐస్‌లాండ్‌లో, కాన్పు నొప్పుల్ని ఈ వెలుగులు తగ్గిస్తాయనీ, ఆ సమయంలో తల్లి మాత్రం వాటి వంక చూడకూడదనీ, చూస్తే పుట్టే బిడ్డకి మెల్లకన్ను వస్తుందనీ అనుకునేవారట. నాన్నకి తెలుగులో చెప్పాను. "మన గ్రహణం మొర్రి లాంటిదే. ప్రపంచంలో కడుపుతో ఉన్నవాళ్ళని ఆకాశం చూడనిచ్చిన ఊరే లేనట్టుంది" అన్నారు.

అప్పుడు ఆ పట్టీ దిగువ అంచు బిగిసినట్టయింది. ఆ మాట తప్ప వేరే దొరకడం లేదు. మసకగా ఉన్నది గీత గీసినట్టయి, అందులోంచి నిలువు చారలు పైకి లేచి, కుడి నుంచి ఎడమకి జరగడం మొదలెట్టాయి. ఫ్యాను గాలికి దోమతెర అడుగు కదిలినట్టు. ఈసారి రంగు కనిపించింది, ఫోన్ లేకుండా. లేత పచ్చ, అరిటాకు విప్పకముందు లోపల ఉండే పచ్చ. అంచున ఒక్క క్షణం గులాబీ. నడినెత్తి దాకా వచ్చి, చుట్ట చుట్టుకుని, విడిపోయింది. అంత వేగంగా కదులుతుందని ఏ ఫోటో నాకు చెప్పలేదు. శబ్దం లేదు. అంత పెద్దది అలా కదులుతుంటే ఉరుమో, గాలో ఏదో వినిపించాలని చెవి ఎదురుచూస్తుంది. పడవ తాళ్ళు కిర్రుమనడం, ఎవరిదో చిన్నపిల్ల ఏడుపు, అంతే. నాలుగు నిమిషాలు ఉందేమో. ఫోన్ జేబులోనే ఉంది, కడుపులో తిప్పడం గుర్తే లేదు.

పక్కకి చూస్తే నాన్న కుడిచేత్తో ఒక కన్ను మూస్తున్నారు, తీస్తున్నారు, రెండోది మూస్తున్నారు. భయమేసింది.

"ఏమైంది నాన్నా? కన్ను నొప్పా?"

"ఉండమ్మా. కుడికంటికి తెల్లగా ఉంది, కాస్త నీలంగా. ఎడమకంటికి పచ్చే కానీ, పసుపు కలిసినట్టుంది. ఏది కరెక్టో చూస్తున్నా."

పోయిన ఏడాది కుడికంటికి శుక్లం ఆపరేషన్ అయింది. ఎడమది ఇంకా చేయించలేదు. వయసుతో పసుపు బారిన సొంత కటకం ఒకదానిలో, కొత్త కటకం ఇంకోదానిలో. నేను ఏ రంగు చూశానని అడిగారు. లేత పచ్చ అన్నాను. ఫోన్లో ముదురు పచ్చ. మొత్తం నాలుగు లెక్కలు తేలాయి. ఆయన మళ్ళీ కుడికన్ను మూశారు.

వెనక్కి వచ్చేటప్పుడు లోపల కూర్చుని వేడి చాక్లెట్ తాగాం. స్పెయిన్ అమ్మాయి తన మంచి ఫోటోలు నాకు పంపింది. హోటల్లో అమ్మ మేలుకునే ఉంది. ఎలా ఉందని నాన్నని అడిగితే "వోల్టేజ్ సరిపోలేదు కానీ, ఓ నాలుగు నిమిషాలు బాగా వచ్చింది" అన్నారు.

పొద్దున్న ఆ పచ్చటి ఫోటో ఒకటి ఆయన వాట్సాప్ స్టేటస్‌లో పెట్టిస్తానంటే వద్దన్నారు. "నాకు అలా కనిపించలేదుగా." బదులుగా పడవలో నేను తీసిన ఇంకో ఫోటో పెట్టించుకున్నారు. ఓవరాల్, మంకీ క్యాప్, వెనక ఏమీ కనిపించని నల్లటి చీకటి. మధ్యాహ్నానికి రాజమండ్రి నుంచి ఆయన పాత లైన్‌మెన్ ఒకాయన అడిగాడు, "సార్, ఏ టవర్ మీదున్నారు?"