మబ్బు మీద ఊరు కట్టడానికి నేను పడ్డ పాట్లు

ఆకాశంలో బతికే జనాన్ని పుట్టించి వాళ్ళ మీద నవల రాస్తున్నానని చెబితే మా ఆవిడ అడిగిన మొదటి మాట: "మరి వాళ్ళకి నీళ్ళో?"

అప్పటికే నలభై పేజీలు రాసేశాను. రాజు, రాజద్రోహం, రెక్కల గుర్రాలు, నాకే నోరు తిరగని పేర్లు. నీళ్ళు మాత్రం లేవు. నేనుండేది ఆమదాలవలస, ఉద్యోగం విజయనగరంలో. రోజూ రైల్లో ఫోన్ మీద రాసుకుంటాను. ఆ రోజు పొందూరు దాటేదాకా ఒక్క ముక్క పడలేదు, లెక్కలు కడుతూ కూర్చున్నాను. దూదిపింజ మబ్బులో ఘనపు మీటరుకి సుమారు అర గ్రాము నీరుంటుంది. పదిహేను లీటర్ల బిందె నిండాలంటే ముప్పై వేల ఘనపు మీటర్ల మబ్బు పిండాలి. పదంతస్తుల మేడంత మబ్బుకి ఒక్క బిందె! చిలీ దేశపు ఎడారి తీరంలో కొండల మీద వలలు కట్టి పొగమంచులోంచి నీళ్ళు పడతారు. మా వాళ్ళకీ వలలే ఇచ్చాను. రాజు పోయాడు, వల అల్లేవాళ్ళు వచ్చారు.

ఎత్తు దగ్గర ఇంకో తప్పు. గొప్పగా ఉంటుందని పది కిలోమీటర్ల మీద పెట్టాను. అక్కడ సున్నాకి యాభై డిగ్రీలు కింద చలి, పీల్చడానికి గాలి చాలదు. దించుకుంటూ వచ్చి రెండు కిలోమీటర్ల దగ్గర ఆపాను. కిలోమీటరుకి ఆరున్నర డిగ్రీల చొప్పున చల్లబడుతుంది కాబట్టి, మే నెలలో మనకిక్కడ ముప్పై ఎనిమిదుంటే వాళ్ళకి పాతికే. నాకే వెళ్ళిపోవాలనిపించింది.

"గంధర్వుల గురించా?" అని ఆఫీసులో ఒకాయన పెదవి విరిచాడు. కోపం వచ్చినా పనికొచ్చింది. నలదమయంతుల కథలో దేవతలకి చెమట పట్టదు, రెప్ప పడదు, నీడ ఉండదు, కాళ్ళు నేలకి ఆనవు. అలాగే దమయంతి అసలు నలుణ్ణి పోల్చుకుంటుంది. సరే, మా వాళ్ళకి చెమట పడుతుంది, నీడ పడుతుంది, ఆ నీడ మన పొలాల మీంచి పోతుంది అని రాసుకున్నాను.

బట్టల కోసం ఒక ఆదివారం పొందూరులో దిగాను. అక్కడి సన్న ఖద్దరు సంగతి అందరికీ తెలుసు గానీ పని దగ్గరగా చూడడం నాకదే మొదలు. ఓ మామ్మ వాలుగ చేప దవడ ఎముకతో పత్తి దువ్వుతోంది. ఎముక నిండా నూకల్లాంటి సన్న పళ్ళు. గింజని వేళ్ళ మధ్య పట్టుకుని, అంటుకున్న పోగుల్ని పళ్ళకి తగిలించి మెల్లగా లాగుతుంటే, చిక్కుపడ్డ ముద్ద కాస్తా పాపాయి జుట్టులా సాగుతోంది. చుట్టిన ఏకుల్ని ఎండిన అరటి పట్టలో దాస్తున్నారు, నున్నగా ఉంటాయట.

"ఏటి రాత్తన్నావు బాబూ?" అంది. చెప్పాను. నవ్వలేదు.

"మాం పత్తి కాడ పంకా కూడా ఎయ్యం. ఎగిరిపోతాది. మీవోళ్ళు గాల్లోనే ఉంటే ఎలాగ వడుకుతారు?"

తిరుగు రైల్లో కూర్చునేసరికి ఊరంతా కళ్ళ ముందు కట్టింది. గాలిలో ఉండేవాళ్ళకి అన్నిటికన్నా అపురూపం గాలి లేని గది. ఊరికి ఒకటే ఉంటుంది. రాట్నం అక్కడే, పురుడు అక్కడే, తగువులు తీరేదీ అక్కడే. బయట ఏ వస్తువైనా తాడుతో కట్టి ఉండాల్సిందే, జారితే పోయినట్టే. వాళ్ళ భాషలో "కింద పెట్టు" అన్న మాటే లేదు. ఎదురుపడితే "కట్టుకున్నావా?" అని పలకరించుకుంటారు. పెళ్ళయిందా అని అడిగినట్టుందని మా ఆవిడ నవ్వింది. ఉండనీ అన్నాను.

అక్కడితో ఆగలేదు. తుపాను కన్ను ముప్పై, అరవై కిలోమీటర్ల వెడల్పు ఉంటుంది, లోపల గాలి దాదాపు పడిపోతుంది. అంటే వాళ్ళకి అంత పెద్ద గది! తుపాను వస్తే పండగ చేసుకుని, ఊళ్ళకి ఊళ్ళు కన్నులోకి చేరి ఏడాదికి సరిపడా నూలు వడుకుతారు. ఈ అధ్యాయం రాసి మురిసిపోయి, సంక్రాంతికి వచ్చిన మేనత్తకి చదివి వినిపించాను. అత్తది ఉద్దానం, మా శ్రీకాకుళం జిల్లాలోనే సముద్రం పక్కన కొబ్బరి తోటల సీమ. 2018 అక్టోబరు 11 తెల్లవారుజామున తిత్లీ తుపాను వచ్చి పడింది వాళ్ళ మీదే. ఆరేడేళ్ళకిగానీ కాపుకి రాని కొబ్బరి చెట్లు, వరసకి వరస పడుకున్నాయి.

అంతా విని, అరిసె ముక్క పళ్ళెంలో పెట్టేసింది.

"మీవోళ్ళు పైన రాట్నాలు తిప్పుకుంతన్నారు. కింద మావేటైపోతన్నావో ఒక్కడూ తొంగి సూడ్నేదేట్రా?"

నా దగ్గర జవాబు లేదు. తొంగిచూస్తే పండగ ఆగిపోతుందని నాకు లోపల తెలుసేమో, అందుకే ఎవరినీ చూడనివ్వలేదు. ఆ రాత్రి అధ్యాయం మొత్తం కొట్టేశాను. ఇప్పుడందులో పదేళ్ళ పిల్ల ఒకతి రాట్నం వదిలి అంచు దాకా పాకుతుంది. తోటలు పడి ఉండడం చూస్తుంది. ఎవరినీ అడక్కుండా తన కండె నూలు విప్పి కిందికి వదులుతుంది.

మొన్న అత్త ఫోన్ చేసింది. "ఆ పిల్ల దారం మాకందిందా?"

ఇంకా రాయలేదన్నాను. అబద్ధం కాదు. నూరో నెంబరు నూలు, అంటే బాగా సన్నది, రెండు కిలోమీటర్లు తూస్తే పన్నెండు గ్రాములు. నేలకి అందుతుంది, ఎవరినీ పైకి లాగే బలం లేదు. పట్టుకున్నవాళ్ళు ఏం చేస్తారన్న దగ్గరే మూడు వారాలుగా ఉన్నాను.

"పురి గట్టిగా ఎక్కించమను," అని పెట్టేసింది.