కాయ రాలేదేం?

మన టెన్త్ బ్యాచ్ కమిటీ వాళ్ళు వాట్సాప్‌లో మూడోసారి అడిగారు: "సర్ఫింగ్ నుంచి సినిమాల్లోకి ఎలా పోయావో ఒక్క పేజీ రాయవోయ్." ఒక్క పేజీయే కాబట్టి ఎనిమిదో క్లాసూ, తొమ్మిదో క్లాసూ, వాటర్ ట్యాంక్ వ్యవహారమూ వదిలేస్తున్నా. ఊపిరి పీల్చుకోవాల్సిన వాళ్ళు పీల్చుకోండి. నేరుగా కొబ్బరికాయ దగ్గరికే వస్తా.

2003, టెన్త్. తరంగ చలనం పాఠం. కెరటంతో పాటు నీళ్ళూ ఒడ్డుకి వచ్చేస్తాయని నేను మొండిగా వాదించాను. గొడుగు మాస్టారు తిట్టలేదు. శనివారం మధ్యాహ్నం సెక్షన్ మొత్తాన్నీ విశాఖ లాసన్స్ బే బీచికి నడిపించారు. దారిలో తన డబ్బులతోనే పీచు తియ్యని కాయ ఒకటి కొన్నారు. పెదజాలరిపేట తాత ఒకాయన దాన్ని తెప్ప మీద తీసుకెళ్ళి, కెరటాలు విరిగే చోటు దాటాక నీళ్ళలో వదిలాడు.

ఒకటి, రెండు, పది కెరటాలు దాని కిందుగా దూరి ఇవతలికొచ్చి విరిగాయి. కాయ మాత్రం లేస్తుంది, దిగుతుంది, కాస్త అటూ ఇటూ జరిగి మళ్ళీ అక్కడే.

"ఏట్రా, కెరటం వచ్చేసింది కదా. మరి కాయ రాలేదేం?"

వచ్చేది శక్తి, నీళ్ళు కావు. మీరంతా కాయనే చూశారు. నేను తాతని చూశాను. తిరిగొచ్చేటప్పుడు వెనక కెరటం లేచేదాకా ఆగి, రెండు తెడ్లు వేసి, తెప్ప మీద నిలబడే ఒడ్డుదాకా జారిపోయాడు.

తర్వాత ఇంటర్, బీటెక్, ఉద్యోగం. చెప్పడానికేమీ లేదు. చెన్నై పక్కన కోవలంలో జాలరి కుర్రాళ్ళు నన్ను సర్ఫింగ్ బోర్డు ఎక్కించారు. ఏడేళ్ళు పోటీలు తిరిగాను. ప్రైజు డబ్బులకంటే బోర్డు రిపేర్లకే ఎక్కువైంది. టోక్యో ఒలింపిక్స్‌లో సర్ఫింగ్ పెట్టాక గానీ నాన్న చుట్టాలకి నా పని పేరు చెప్పలేదు. అప్పటికి నా మోకాలు పోయింది, కెమెరా పట్టేశాను.

సముద్రంలో షూటింగంటే కెమెరాని నీళ్ళు చొరని పెట్టెలో బిగించి, కాళ్ళకి ఫిన్స్, అంటే ఈతకి వాడే రబ్బరు రెక్కలు, తొడుక్కుని, కెరటం విరిగే చోట తేలుతూ ఉండాలి. పెట్టె అద్దం మీద చుక్కలు నిలవకుండా ముందుగా దాన్ని నాకాలి. అవును, నాలుకతోనే. లక్షల ఖరీదు కెమెరాకి అంతకన్నా మంచి మందు లేదు. బోర్డు మీదున్నవాడు దూసుకుపోతాడు. నేను లేస్తూ, దిగుతూ అక్కడే. మొదటిరోజు అది తట్టి, ఉప్పునీళ్ళు మింగేంత నవ్వొచ్చింది.

తెప్పల మీద తీసిన డాక్యుమెంటరీ నాలుగు దేశాల్లో వేశారు. కమిటీ రాయమంది కాబట్టి రాస్తున్నా. పోయినేడు మాస్టారింటికి వెళ్ళి లాప్‌టాప్‌లో చూపించాను. ఆసాంతం కదలకుండా చూశారు. అయిపోయాక కళ్ళజోడు తీసి తుడుచుకుంటూ, "తెప్ప బావుంది. కాయ ఏదిరా?" అన్నారు.

దానికి జవాబు వెనక బెంచీ వాళ్ళే చెప్పాలి.