చార్జీలు డ్రాప్ అయ్యాక 14 నెలల బకాయి జీతం: నా అనుభవం

చార్జి మెమో (శాఖ మోపిన ఆరోపణల పత్రం) మీద తదుపరి చర్య నిలిపేస్తూ ఉత్తర్వు చేతికొస్తే, సస్పెన్షన్ నాటి జీతం దానంతట అదే వచ్చేస్తుందనుకుంటాం. రాదు. విజయవాడలో నా బిల్లు ట్రెజరీ నుంచి తిరిగొచ్చింది ఒక్క వాక్యం లేకపోవడం వల్లే: 'సస్పెన్షన్ కాలాన్ని డ్యూటీగా పరిగణించడమైనది.' చార్జీలు తీసేసేది 1991 నాటి ఆంధ్రప్రదేశ్ సీసీఏ రూల్స్ (ప్రభుత్వోద్యోగుల క్రమశిక్షణ నిబంధనలు) కింద. ఆ కాలం డ్యూటీయా కాదా, జీతమెంత అని తేల్చేది ఫండమెంటల్ రూల్ 54-బి. ఒకే ఉత్తర్వులో రెండూ రాయొచ్చు. మొదటిది రాసి, రెండోది 'తర్వాత చూద్దాంలే' అని వదిలేసే సెక్షన్లే ఎక్కువ.

అందుకే ముందు ఉత్తర్వులోని మాటలు చూసుకోవాలి. 'ఆరోపణలు రుజువు కాలేదు' అని ఉంటే సస్పెన్షన్ పూర్తిగా అన్యాయమైనదని వాదించి, 54-బి(3) కింద పూర్తి జీతం అడగొచ్చు. 'హెచ్చరికతో డ్రాప్' అని ఉంటే కోత పెట్టడానికి వాళ్లకు సందు దొరికినట్టే. అయినా ఎంత ఇవ్వబోతున్నారో నోటీసులో చెప్పి, మన వివరణ చూశాకే కోయాలి. వివరణకు నోటీసులో ఇచ్చే గడువు 60 రోజులకు మించదు, దాన్ని దాటనివ్వకండి.

దరఖాస్తు ఒక పేజీ చాలు. తిరిగి విధుల్లోకి తీసుకునే అధికారం ఎవరిదో వారికే, ప్రాపర్ చానెల్‌లో, అంటే మన పై అధికారి ద్వారా పెట్టాలి. సస్పెన్షన్ ఉత్తర్వు, చార్జి మెమో, డ్రాప్ ఉత్తర్వు, తిరిగి విధుల్లోకి తీసుకున్న ఉత్తర్వు, జాయినింగ్ రిపోర్టు జతచేయాలి. తపాలు నంబరు వేయించుకోకుండా బయటికి రావద్దు. ఫైలు కదలకపోతే సమాచార హక్కు కింద 10 రూపాయల ఫీజుతో నోట్ ఫైలు నకళ్లు అడగండి. జవాబుకు గడువు 30 రోజులు. నా ఫైలు ఏ బల్ల మీద ఆగిందో అలాగే తెలిసింది. సెక్షన్‌లో బతిమాలుతూ తిరిగిన రోజులు దండగ.

అసలు తప్పులు దొర్లేది డ్యూ-డ్రాన్ స్టేట్‌మెంట్‌లో, అంటే రావలసింది, ముట్టింది పక్కపక్కన చూపే పట్టికలో. మూల వేతనం 45,000 అనుకోండి. మొదటి 3 నెలలు జీవనభృతి సగం, అంటే 22,500. తర్వాతి 11 నెలలు దాన్ని సగం పెంచి 33,750 ఇచ్చారనుకుంటే, మొత్తం ముట్టింది 4,38,750. రావలసింది 6,30,000. తేడా 1,91,250. ఇది మూల వేతనం లెక్క మాత్రమే. డీఏ అప్పట్లో భృతి మీదే కట్టారు కాబట్టి, ఆ తేడా నెలనెలా, అప్పటి రేటుతో వేయాలి. కాలం డ్యూటీ అయింది గనక మధ్యలో పడాల్సిన వార్షిక ఇంక్రిమెంటు కూడా డ్యూ కాలమ్‌లోకి రావాలి. మా సెక్షన్‌లో మొదటిసారి దాన్ని వదిలేశారు. అది లేకుండా బిల్లు పాసైతే ఆ తర్వాతి ప్రతి నెల జీతమూ తక్కువే. ఇంక్రిమెంటు ఉత్తర్వు ముందు తీయించి, తర్వాతే డీడీవో (జీతాల బిల్లు పెట్టే అధికారి) చేత బిల్లు పెట్టించండి. ఇంకో చిక్కు, భృతి తీసుకున్న నెలల్లో 'వేరే ఉద్యోగం చేయలేదు' అన్న ధ్రువపత్రాలు. ఒక్కటి కనబడకపోయినా అభ్యంతరం వేస్తారు. నకళ్లు ఇంట్లో ఉంచుకోండి.

'పని చేయలేదు గనక జీతం లేదు' అనే మాట తప్పకుండా వినబడుతుంది. 1991లో జానకిరామన్ కేసులో సుప్రీంకోర్టు, పూర్తిగా నిర్దోషిగా తేలిన ఉద్యోగి పనికి సిద్ధంగా ఉన్నా పక్కన పెట్టినప్పుడు ఆ సూత్రం మామూలుగా వర్తించదంది. దరఖాస్తులో ఆ ఒక్క లైను రాయండి చాలు. అప్పటికీ కదలకపోతే నేలపాడులోని హైకోర్టులో రిట్. పరిపాలనా ట్రిబ్యునల్ ఇప్పుడు లేదు. వడ్డీ కూడా అడగండి. కరోనాలో వాయిదా వేసిన మన రాష్ట్ర జీతాల మీద 2021 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు 6 శాతం ఖాయం చేసింది. దరఖాస్తు మీద దరఖాస్తు పెడుతూ ఏళ్లు గడిపితే మాత్రం ఆలస్యమనే అభ్యంతరం మన మెడకే చుట్టుకుంటుంది.

డబ్బు ఒకే ఏడాదిలో పడితే పన్ను శ్లాబు మారిపోతుంది. నేను 1961 నాటి ఆదాయపు పన్ను చట్టం సెక్షన్ 89 రిలీఫ్ (బకాయిల మీద పన్ను ఊరట) కోసం 10ఇ ఫారం రిటర్న్ కన్నా ముందే ఆన్‌లైన్‌లో వేశాను. ముందు వేయకపోతే రిలీఫ్ తిరస్కరిస్తారు. ఇక ఎస్‌ఆర్‌లో (సర్వీసు రిజిస్టరులో) ఆ 14 నెలలను డ్యూటీగా నమోదు చేయించి, ఉత్తర్వు నంబరు, తేదీ వేయించి, పక్కన డీడీవో సంతకం పడేదాకా అక్కడే నిలబడ్డాను.