పండించినోళ్ల ఊళ్లు: బైరాన్‌పల్లి నుంచి పాలకుర్తి దాకా

హైదరాబాద్ నుంచి వరంగల్ పోయే హైవే మీద ఏ ఊరి బోర్డు చదివినా, నిజాం మీద, దొరల మీద తెలంగాణ రైతులు చేసిన 1940ల సాయుధ పోరాటం చరిత్రే తగులుతుంది. భువనగిరిలో 1944లో ఆంధ్ర మహాసభ జరిగింది. అప్పటిదాకా ఎక్కువగా వకీళ్లూ చదువుకున్నవాళ్లూ ఉన్న సంస్థ, ఆ తర్వాత పల్లె జనం నోట్లో ఉత్త ‘సంగం’ అయిపోయింది. ఆ దగ్గర్లోనే బొల్లేపల్లి, కమ్యూనిస్టు నాయకుడు రావి నారాయణరెడ్డి ఊరు. 1952 ఎన్నికల్లో నల్లగొండ నుంచి నిలబడి నెహ్రూ కంటే ఎక్కువ ఓట్లు తెచ్చుకున్న మనిషి ఆయన. ఆలేరు దాటకముందే కొలనుపాక దారి వస్తుంది. జనం అక్కడికి జైన మందిరం చూడ్డానికి వెళ్తారు. ఈ పోరాటంలో ముందున్న ఆరుట్ల రామచంద్రారెడ్డి, కమలాదేవి దంపతులు పనిచేసిన ఊరని చెప్పే బోర్డు మాత్రం నాకు హైవే మీద కనిపించలేదు.

ఈసారి నాతో మా చిన్నాయన ఉన్నాడు. సర్కారు బడిలో సోషల్ చెప్పి రిటైరయ్యాడు. సాయుధ పోరాటం పాఠం పుస్తకంలో రెండు పేజీలుంటే, ఆయన వారం రోజులు చెప్పేవాడని ఆయన దగ్గర చదువుకున్నవాళ్లు ఇప్పటికీ అంటుంటారు. జులై మొదటి వారంలో వెళ్దామని పట్టుబట్టింది ఆయనే. జులై 4 కడివెండిలో దొర మనుషుల కాల్పుల్లో దొడ్డి కొమరయ్య పోయిన రోజు. ఆరుద్ర కార్తె చివరలో ఆ నేల ఎట్లుంటుందో చూస్తే తప్ప ఆ కథ అర్థం కాదంటాడు. నిజంగానే దారి పొడవునా పత్తి విత్తనాలు పెడుతున్న ఆడవాళ్లు, నీళ్లున్న చోట పచ్చగా నారుమళ్లు. రైతుకు చేతిలో డబ్బుండని నెల, అప్పుకు తిరిగే నెల ఇది.

జనగామ చేరాక ముందు చేర్యాల వైపు వెళ్లాం. కాలక్రమంలో చూస్తే బైరాన్‌పల్లి చివర రావాలి, కానీ మాకు దారి అట్లా కుదిరింది. ఇప్పుడది సిద్దిపేట జిల్లా. ఊరి మధ్యలో బురుజు ఇంకా నిలబడే ఉంది. ఫొటోల్లో చూసినప్పుడు చిన్నదనిపించింది గానీ, కింద నిలబడి తలెత్తితే దాని ఎత్తు తెలిసింది. 1948లో ఊరి యువకులు దాని మీద కాపలా ఉండేవాళ్లు. నిజాం వైపు నిలిచిన ప్రైవేటు సైన్యం రజాకార్లు. వాళ్లు వస్తున్నారని తెలిస్తే నగారా మోగేది. చేతుల్లో ఉన్నవి భర్మార్లనే నాటు తుపాకులు, వడిసెలలు, గుత్పలనే దుడ్డుకర్రలు. వాటితోనే ఒకటికి మించి దాడులను తిప్పికొట్టారు. అందుకే ఆగస్టు 27న వచ్చినప్పుడు రజాకార్లు ఒంటరిగా రాలేదు, నిజాం సైన్యాన్ని, ఫిరంగులను తెచ్చుకున్నారు. బురుజు మీదున్న తుపాకీ మందు అంటుకుంది. దొరికినవాళ్లను ఊరి బయటికి తోలుకుపోయి వరసగా నిలబెట్టి కాల్చారు. ఆ ఒక్క రోజు చనిపోయినవాళ్లు తొంభై మందికి పైనే. పక్కనున్న కూటిగల్లు మీద కూడా అదే రోజు పడ్డారు.

బురుజు దగ్గర అరుగు మీద కూర్చున్న పెద్దాయనను చిన్నాయన పలకరించాడు.

“తాతా, అప్పటికి నీకు ఊహ తెలుసా?”

“తెల్సు బిడ్డా. మా అవ్వ నన్ను జొన్న చేన్ల పండవెట్టి మీద పడుకున్నది. సప్పుడు చేస్తే సంపుతనని నా నోరు మూసింది. మా నాయిన బుర్జు కాడ ఉండె. మల్ల రాలే.”

ఇంకేమీ అడగబుద్ధి కాలేదు. ఆయనే మళ్లీ అన్నాడు, “మూడు వారాలు ఆగితే అయిపోతుండె. పటేల్ ఫౌజు వచ్చె గదా.” లెక్క సరిగ్గా అంతే. ఆగస్టు 27 తర్వాత మూడు వారాలకు, సెప్టెంబర్ 17న, భారత సైన్యానికి నిజాం లొంగిపోయాడు.

రాత్రి జనగామలో ఉండి, తెల్లారి సూర్యాపేట రోడ్డు పట్టుకున్నాం. కామారెడ్డిగూడెం దగ్గర షేక్ బందగీ సమాధి ఉంది. ఆగాల్సిన చోటు. బందగీ ఒక ముస్లిం రైతు. తన భూమి కోసం, ఆ ప్రాంతపు పెద్ద భూస్వామి అయిన విసునూరు దేశ్‌ముఖ్‌తో ఏళ్లకేళ్లు కోర్టుల్లో కొట్లాడి గెలిచాడు. గెలిచినందుకు దొర మనుషులు చంపేశారు. కొమరయ్య కంటే కొన్నేళ్ల ముందు మాట ఇది. హిందువులు, ముస్లింలు అని లేకుండా అక్కడ జనం మొక్కుతారు, జాతర చేస్తారు. ఈ పోరాటాన్ని మొత్తంగా హిందూ ముస్లిం తగాదాగా చెప్పేవాళ్లు ఈ మధ్య ఎక్కువయ్యారు. అది నాకు చాలా బాధ కలిగించే విషయం. విసునూరు దొర రాపాక రామచంద్రారెడ్డి. ఆయన చేతిలో చచ్చిన మొదటి రైతుల్లో ఒకడు బందగీ. సాయుధ పోరాటానికి 1947 సెప్టెంబర్ 11న పిలుపునిచ్చిన ముగ్గురు రావి నారాయణరెడ్డి, బద్దం ఎల్లారెడ్డి, మఖ్దూం మొహియుద్దీన్. రజాకార్ల ఘోరాలు అబద్ధం కాదు, నిన్ననే వాటి చోటు చూసి వచ్చాం. కానీ గొడవ మొదలైంది మతం దగ్గర కాదు, పొలం దగ్గర.

కారులో చిన్నాయన పాఠం మొదలుపెట్టాడు. దేశ్‌ముఖులంటే మొదట్లో శిస్తు వసూలు చేసేవాళ్లు మాత్రమే. 19వ శతాబ్దంలో సాలార్‌జంగ్ సంస్కరణలతో సర్కారే నేరుగా వసూలు మొదలుపెట్టాక వీళ్లకు పరిహారంగా వతన్లు, అంటే వారసత్వంగా వచ్చే భృతులు ఇచ్చారు. తర్వాత సర్వే సెటిల్‌మెంట్ వచ్చింది. రికార్డు రాసేవాళ్లు వాళ్ల చెప్పుచేతల్లోనే ఉన్నారు కాబట్టి, తరతరాలుగా వేరేవాళ్లు దున్నుతున్న భూములను తమ పేర రాయించుకున్నారు. రైతుకు చదువు రాదు. తన చేను కాగితంలో దొరదైపోయిందని తెలిసేసరికి తను కౌలుదారుగానో, పాలేరుగానో మిగిలాడు. విసునూరు దేశ్‌ముఖ్ కింద 40,000 ఎకరాలు, అరవై ఊళ్లు. ఎర్రపహాడ్ జన్నారెడ్డి ప్రతాపరెడ్డి కింద లక్షన్నర ఎకరాలు. ఇవన్నీ సర్కారే నేరుగా శిస్తు వసూలు చేసే దివానీ ప్రాంతంలోని సంగతులు. ఇవి గాక రాజ్యంలో పదింట మూడు వంతుల భూమి నిజాం తన ప్రభువులకు రాసిచ్చిన జాగీర్లు, ఒక వంతు నిజాం సొంత ఆస్తి, సర్ఫేఖాస్.

వెట్టి గురించి మనం ఒక మాటలో చెప్పేసి ముందుకు పోతాం. దాన్ని కులాలవారీగా విడదీసి చూస్తే గానీ దాని బరువు తెలియదు. చాకలి బట్టలు ఉతకాలి, దొర కోట లాంటి ఇల్లు, గడీలో మసాలా నూరాలి. కుమ్మరి కుండలు ఇవ్వాలి. గొల్ల కురుమలు మేకపిల్లను తోలాలి. గౌండ్లోళ్లు కొన్ని తాటిచెట్లు దొర పేర విడిచిపెట్టాలి. మాదిగ చెప్పులు కుట్టాలి, కబురు మోసుకుపోవాలి. కోమటి సరుకు పంపాలి. రైతు తన పొలానికి నీళ్లు పెట్టకముందు దొర పొలానికి పెట్టాలి. గింజలు అప్పుకు తెచ్చుకుంటే ‘నాగు’ పేరుతో వడ్డీ కూడా గింజల్లోనే. వీటి మీద రెండో ప్రపంచ యుద్ధకాలంలో లెవీ గల్లా పడింది. ఇంట్లో తిండికి లేకపోయినా సర్కారు ధరకు ధాన్యం కొలవాలి. అంటే ఊళ్లో దొర మీద కోపం లేని కులం ఒక్కటీ లేదు. సంగం అంత తొందరగా అన్ని గడపల్లోకి పోవడానికి కారణం నాకిదే అనిపిస్తుంది.

కడివెండి దేవరుప్పుల మండలంలో ఉంది. మామూలు ఊరు, సిమెంటు రోడ్లు, డాబాలు. అమరవీరుల స్తూపం దగ్గర జెండాలు కట్టి ఉన్నాయి, పాత దండలు ఇంకా తీయలేదు. దేశ్‌ముఖ్ తల్లి జానమ్మ ఉండేది ఈ ఊళ్లోనే. ఆమెను తలుచుకుని జనం ఇప్పటికీ తిడతారు. 1946 జులై 4న దొర గూండాలు సంగం వాళ్ల మీదికి వస్తే, ఊరు మొత్తం గుత్పలు, వడిసెలలు పట్టుకుని ఊరేగింపుగా కదిలింది. గడీ పక్క నుంచి పోతుండగా లోపలి నుంచి కాల్పులు జరిగాయి. ముందు వరుసలో ఉన్న దొడ్డి కొమరయ్య పడిపోయాడు. కురుమ ఇంటి పిల్లవాడు. అన్న మల్లయ్యకు కూడా గాయమైంది.

మామూలుగా తుపాకీ పేలితే జనం చెదిరిపోతారు. కడివెండి జనం చెదరలేదు. గడీని చుట్టుముట్టారు. చుట్టుపక్కల ఊళ్ల నుంచి ఇంకా జనం వచ్చారు. ఆ తర్వాత కొన్ని వారాల్లో జరిగిందే నన్ను ఎక్కువ కదిలిస్తుంది. ఒక ఊరి జనం ఎర్రజెండా పట్టుకుని పక్క ఊరికి పోయేవాళ్లు. అక్కడ గడీ ముందు మీటింగ్ పెట్టి, ఇకనుంచి వెట్టి లేదు, రైతును భూమి నుంచి వెళ్లగొట్టే బేదఖళ్లు లేవు అని చెప్పేవాళ్లు. ఆ ఊరి వాళ్లు కలిసి ఇంకో ఊరికి. అట్లా నల్లగొండ, వరంగల్, ఖమ్మం ప్రాంతాల్లో మూడు నాలుగు వందల ఊళ్లు లేచాయి. అప్పటికి చేతుల్లో తుపాకులు లేవు. “నీ బాంచన్ కాల్మొక్త” అని వంగిన మనుషులు గడీ ముందు నిలబడి గట్టిగా మాట్లాడడం, ఈ పోరాటం మొత్తంలో అదే అన్నిటికన్నా పెద్ద తెగింపు అని నా నమ్మకం.

విసునూరులో ఎక్కువసేపు ఆగలేదు. పట్టుకొచ్చిన సంగం వాళ్లను హింసలు పెట్టిన ఊరు అది. చుట్టుపక్కల ధర్మాపురం లంబాడీలు కూడా తమ భూముల కోసం ఈ దొరతోనే తలపడ్డారు. ఆ పోరాటంలో ముందున్న జాటోత్ ఠానూ నాయక్ ప్రాణమిచ్చాడు. పాఠ్యపుస్తకాల్లో ఆయన పేరు ఇంకా సరిగ్గా రాలేదని చిన్నాయన దారంతా మథనపడ్డాడు.

పాలకుర్తి చేరేసరికి మధ్యాహ్నమైంది. ద్విపద కవి సోమనాథుడి ఊరు, పోతన బమ్మెర కూడా ఇక్కడికి దగ్గరే. గుట్ట మీద సోమేశ్వరుడికి దండం పెట్టుకుని కిందికి వచ్చి ఐలమ్మ విగ్రహం దగ్గరికి వెళ్లాం.

చిట్యాల ఐలమ్మను మనం చాకలి ఐలమ్మ అంటాం, వీరనారి అంటాం. ఇక్కడికి వచ్చాక నాకు ఆమె అన్నిటికంటే ముందు కౌలు రైతుగా కనిపించింది. మల్లంపల్లి భూస్వామి దగ్గర భూమి కౌలుకు తీసుకుని నాలుగెకరాలు సాగు చేసింది. చాకలి ఆడమనిషి వెట్టి మానేసి వ్యవసాయం చేయడమే పట్వారీకి, దేశ్‌ముఖ్‌కు మింగుడుపడలేదు. అందులోనూ ఆమె సంగంలో చేరింది. కేసులు పెట్టారు, నిలవలేదు. చివరికి పంట కోతకొచ్చాక దేశ్‌ముఖ్ మనుషులను పంపాడు. భీమిరెడ్డి నర్సింహారెడ్డి, తోటి కార్యకర్తలు అడ్డం నిలిచి, వాళ్లే పంట కోసి, వడ్లు ఐలమ్మ ఇంటికి చేర్చారు. దానికి బదులుగా అరెస్టులు, చిత్రహింసలు. ఐలమ్మ ఇల్లు తగలబెట్టారు. అయినా ఆమె ఊరు విడిచిపెట్టలేదు. 1985లో చనిపోయేదాకా పాలకుర్తి మనిషిగానే ఉంది. 2024లో కోఠి మహిళా విశ్వవిద్యాలయానికి ఆమె పేరు పెట్టారు. చాలా సంతోషం.

తర్వాతి కథ పెద్దది. మూడు వేల ఊళ్లలో గ్రామరాజ్యాలు, పది లక్షల ఎకరాల పంపిణీ, నాలుగు వేల ప్రాణాలు అని పోరాటం నడిపినవాళ్లు రాసుకున్న లెక్క. నిజాం పోయాక కూడా యూనియన్ సైన్యంతో పోరు నడిచి, 1951 అక్టోబర్‌లో విరమించారు. ఈలోగా 1949లో జాగీర్లు రద్దయ్యాయి, 1950లో కౌలుదారీ చట్టం వచ్చింది, 1951 ఏప్రిల్ 18న పోచంపల్లిలో వెదిరె రామచంద్రారెడ్డి, పేదల కోసం భూమి అడిగిన వినోబా భావేకు వంద ఎకరాలు ఇచ్చాడు. దొరల మనసు మారి వచ్చినవి కావు ఇవేవీ. వీటి వెనక కడివెండి ఉంది.

విగ్రహానికి కాస్త దూరంలో చాయ్ తాగుతుంటే పక్కన ఒకాయన కూర్చున్నాడు, కాళ్లకు ఇంకా బురద ఉంది. నాట్ల కోసం పొలం దున్నించి వచ్చాడట. సొంతమా అని అడిగాను.

“నాదేడిది సారు, కౌలే. పట్టా వాళ్లది, పని నాది.”

“కాగితం రాసుకున్నరా?” అని చిన్నాయన అడిగాడు.

“కాగితమా! గా మాట ఎత్తితే మల్లొచ్చే ఏడు భూమే ఇయ్యరు.”

2011లో కౌలు రైతుల కోసం ఒక చట్టం వచ్చిందని, గుర్తింపు కార్డు ఇవ్వాలని అందులో ఉందని చిన్నాయన అన్నాడు. ఆ కౌలు రైతుకు ఆ సంగతి తెలుసు. “ఒక్కసారి ఇచ్చిన్రు. బ్యాంకుకు పట్కపోతే పాస్‌బుక్ తెమ్మన్నరు.” 2018లో రైతుబంధు మొదలైనప్పుడు డబ్బులు పట్టాదారు ఖాతాలోనే పడ్డాయి. రైతు బీమా కూడా పట్టాదారుకే. పంట పోతే నష్టం మాత్రం ఈయనది. ఐలమ్మ కొట్లాడిన ఊళ్లోనే పండించినవాడికి తను పండించానని చూపించుకోవడానికి ఒక్క కాగితం లేదు. నాకు కోపమొచ్చింది, ఇప్పుడు రాస్తుంటే కూడా వస్తోంది.

వచ్చే వారం కౌలు రైతులమంతా కలిసి జనగామ కలెక్టరాఫీసుకు పోతున్నామని ఆయన చెప్పాడు. ఎంతమంది వస్తారని అడిగితే, నాట్ల పని ఉంది కాబట్టి ఇంటికొకరు అన్నాడు. చిన్నాయన ఆయన ఫోన్ నంబరు తీసుకున్నాడు. పాత చట్టం కాపీ తన దగ్గరుందని, జిరాక్స్‌లు తీయించి తీసుకొస్తానని చెప్పి, ఎన్ని గంటలకు రావాలో అడిగాడు.