కాన్‌బెర్రాలో స్టాన్లీ బ్రూస్ జాడలు

సిడ్నీ నుంచి కాన్‌బెర్రాకు సుమారు 280 కిలోమీటర్లు, బస్సులో మూడున్నర గంటలు. జోలిమాంట్ సెంటర్ దగ్గర దిగి, కామన్వెల్త్ అవెన్యూ వంతెన మీదుగా సరస్సు దాటి పాత పార్లమెంటు భవనానికి నడిచి వెళ్లాం. ట్రామ్ లైను పొడిగింపు పనుల వల్ల ఆ వైపు దారి మళ్లింపులు ఉంటాయి, గంట చేతిలో ఉంచుకోవడం మంచిది. సాయంత్రం 5కి తలుపులు మూస్తారు.

1927 మే 9న ఈ తెల్లటి భవనం ప్రారంభమైనప్పుడు ప్రధాని స్టాన్లీ బ్రూస్. ఆయన గది కోసం వెతికితే దొరకదు. ప్రధాని కార్యాలయాన్ని 1980లలో బాబ్ హాక్ వాడినప్పటి సామానుతో ఉంచారు. బ్రూస్ కోసం వెళ్లినవాళ్లు ప్రతినిధుల సభ మందిరంలోనే ఎక్కువసేపు కూర్చోవాలి. కార్మిక వివాదాల పరిష్కారాన్ని కేంద్రం చాలావరకు రాష్ట్రాలకు వదిలేయాలని ఆయన బిల్లు తెచ్చారు. ప్రజాతీర్పు వచ్చేదాకా దాన్ని అమలు చేయకూడదన్న సవరణ 1929 సెప్టెంబరులో 35-34తో నెగ్గింది ఇక్కడే. అలా సభలో ఓడిన బ్రూస్ ఎన్నికలకు వెళ్లి, తన ఫ్లిండర్స్ స్థానాన్ని కూడా పోగొట్టుకున్నారు. పదవిలో ఉన్న ప్రధానికి అలాంటి ఓటమి మళ్లీ 2007లో జాన్ హోవర్డ్‌కే ఎదురైంది.

నా లెక్కలో ఆయన గొప్ప పని ఆ తర్వాత చేసిందే. 1933 నుంచి 1945 దాకా లండన్‌లో హైకమిషనర్. 1936 మాంట్రో సదస్సుకు ఆయనే అధ్యక్షులు. నల్లసముద్రానికి దారితీసే జలసంధులను టర్కీ అదుపులో ఉంచుతున్న ఒప్పందం ఆ సదస్సులో కుదిరిందే, నేటికీ నడుస్తోంది.

బ్రూస్ తొలిగా కాపురమున్న ప్రధాని నివాసం 'ది లాడ్జ్' డీకిన్‌లో ఉంది. గోడ తప్ప ఏమీ కనబడదు, దానికోసం పూట పాడుచేసుకోనక్కర్లేదు. ఆ సమయంలో బర్లీ గ్రిఫిన్ సరస్సు చుట్టూ రెండు వంతెనల మధ్య దాదాపు 5 కిలోమీటర్ల బాట నడవండి. 1967లో బ్రూస్ చితాభస్మాన్ని కలిపింది ఈ నీళ్లలోనే. జూన్, జూలై ఉదయాల్లో గడ్డి మీద మంచు పేరుకుంటుంది, చేతి తొడుగులు తప్పనిసరి. ఆవలి ఒడ్డున ఆస్ట్రేలియన్ నేషనల్ యూనివర్సిటీ. ఆయన దాని తొలి చాన్సలర్, అక్కడి బ్రూస్ హాల్ ఆయన పేరిటే ఉంది.

ఇంకా ఓపికుంటే నగర కేంద్రం పక్కనే ఉన్న రీడ్ పేట చూడొచ్చు. ప్రధానిగా చేసి, 1910లో లండన్‌కు తొలి హైకమిషనర్‌గా వెళ్లిన జార్జ్ రీడ్ పేరు దానిది.