మీరా, నువ్వా?

పదకొండున్నర దాటింది. పడుకున్నదాన్ని లేచి వచ్చి మళ్ళీ కంప్యూటర్ తెరిచాను, ఒక్క మాట కోసం.

ఈ వారం ఒక ఇంగ్లీషు సినిమాకు తెలుగు సబ్‌టైటిల్స్ రాస్తున్నాను. పంపినవాళ్ళు ‘రొమాంటిక్ డ్రామా’ అన్నారు. ఇరవై నిమిషాలు నడిచాక తెలిసింది, అది సగమే నిజమని. మిగతా సగం అచ్చంగా పెద్దల సినిమా. గడియ పెట్టుకుని పని చేస్తుంటే అత్తయ్య రెండుసార్లు తలుపు తట్టి, “అంత రహస్యమేముందమ్మా అందులో?” అన్నారు. ఆఫీసు పని అన్నాను. అబద్ధమేమీ కాదు.

చిరాకంతా సాయంత్రం వచ్చిన మెయిల్ మీద. మాటలు లేని నిమిషాలకు డబ్బు లెక్కకట్టరట. 41వ నిమిషం నుంచి 48 దాకా ఒక్క మాట లేదు, ఒప్పుకుంటాను. అలాగని ఆ ఏడు నిమిషాలూ నేను కళ్ళు మూసుకుని కూర్చున్నానా? అప్పటిదాకా సినిమాలోని ఆ ఇద్దరి చేతా, అతనూ ఆమే, ‘మీరు’ అనిపించాను. ఇంగ్లీషులో మర్యాదకూ చనువుకూ కలిపి ‘యూ’ ఒక్కటే, వాళ్ళకు ఏ బాధా లేదు. 49లో మళ్ళీ నోరు విప్పుతారు. అప్పుడు ‘వస్తారా’ అనాలా, ‘వస్తావా’ అనాలా? జవాబు ఆ ఏడు నిమిషాల్లోనే వెతుక్కోవాలి. అక్కడ మసక దీపం, వీపులు, ఆగకుండా ఒక వయొలిన్. మంచం దిగాక ఇద్దరూ ఇల్లు అమ్మే సంగతి ఆపిన చోటి నుంచే ఎత్తుకున్నారు! మధ్యలో ఏమీ జరగనట్టే. డబ్బు ఎగ్గొడితే ఎగ్గొట్టారు, అక్కడ పనే లేదన్నట్టు రాయడం ఒళ్ళు మండించింది.

మా నాన్న గుర్తొచ్చారు. టీవీలో హీరో, హీరోయిన్ దగ్గరికి జరిగితే చాలు, ఒకసారి దగ్గి, లేచి కట్టేసేవారు. ఛానెల్ మార్చడం కాదు, ఏకంగా కట్టేయడమే. గోడ గడియారం చూసుకుని, ఇక అయిపోయి ఉంటుందనుకున్నాక మళ్ళీ పెట్టేవారు. ఆయన లెక్క ఎప్పుడూ అవసరానికి మించే ఉండేది. ఈలోగా నల్లటి తెరలో మా నలుగురి ముఖాలూ వరసగా కనిపించేవి, ఎవరూ ఎవరినీ చూడకుండా. తెర వెలిగేసరికి హీరోయిన్ ఏడుస్తూనో పెట్టె సర్దుకుంటూనో ఉండేది. మధ్యలో వాళ్ళు ఘోరంగా పోట్లాడుకున్నారని ఏళ్ళ తరబడి నమ్మాను. ఆ పోట్లాటను మాటలతో సహా కల్పించి చెల్లికి చెప్పేదాన్ని. (అది ఇప్పటికీ దెప్పుతుంది.) నాన్న తీసేసిన ముక్కలోనే అసలు కథ ఉండేదని నా నమ్మకం. ఇప్పుడు ఆ ముక్క మొత్తం నా ముందుంది, కథే కనబడటం లేదు.

ప్రేమకథా, పెద్దల సినిమా, ఈ రెండు రకాలూ కలవవని రాసేద్దామనే కూర్చున్నాను. కానీ జపాన్‌లో నిక్కత్సు అనే సినిమా స్టూడియో ఒకటి ఉంది. టీవీ వచ్చి ప్రేక్షకులు తగ్గిపోతే 1971లో ‘రోమన్ పోర్నో’ పేరుతో వరసగా పెద్దల సినిమాలు మొదలుపెట్టి 1988 దాకా తీసింది. నిడివి 70 నిమిషాల చిల్లర, సుమారు పది నిమిషాలకొకసారి ఆ రకం సన్నివేశం పడాలి, మిగతాది దర్శకుడి ఇష్టం. 1995లో గమేరా అనే రాకాసి తాబేలు సినిమా తీసిన షూసుకే కనెకో దర్శకుడిగా మొదలైంది అక్కడే. అక్కడా గడియారమే పెత్తనం చేసింది, అయినా కథలు చెప్పినవాళ్ళు చెప్పారు.

అందుకని ఆ ఏడు నిమిషాలూ మళ్ళీ చూశాను, ఉచితంగానే. 47లో అతను చొక్కా గుండీలు పెట్టుకుంటున్నాడు. ఒకటి తప్పింది, కాలర్ ఒక వైపు కిందికి జారింది. ఆమె చూసింది. చెయ్యి కొంచెం లేపి, మళ్ళీ దుప్పటి మీద పెట్టేసింది. ఆరో నిమిషంలో ఇదే మనిషి అతను అడగకుండానే టై సరిచేసింది! ఏమీ జరగలేదని పైన రాశాను చూడండి, తప్పు. జరిగింది. నేను ఎదురుచూసిన వైపు జరగలేదు.

అందుకని అతని చేత ‘నువ్వు’ అనిపించి, ఆమె మాటల్లో ‘మీరు’ అలాగే ఉంచాను. తీరా చదివి చూసుకుంటే మామూలు మొగుడూ పెళ్ళాల్లా వినిపిస్తున్నారు. ఆ దూరం చూసేవాళ్ళకు అందుతుందా? తీసేసి రెండూ ‘నువ్వు’ చేశాను. మళ్ళీ మొదటిదే పెట్టాను.

ఇంతలో ఈయన లేచి వచ్చారు. “ఇంకా పడుకోలేదా నువ్వు?”

“మీరు పడుకోండి, వస్తాను” అన్నాను.